తీపి రెక్కలు

ఆ ఆదివారం పొద్దున శిరీష మొట్టమొదటిసారి భూలక్ష్మిని "అత్తా" అని పిలిచింది.

అరుగు మీద కూర్చుని, దువ్వెన ఒళ్ళో పెట్టుకుని, "అత్తా, జడ వేస్తావా?" అంది. గొంతులో కోపం లేదు, వేళాకోళమూ లేదు. పంతులమ్మకి పాఠం పొల్లుపోకుండా ఒప్పజెప్పినట్టు ఉంది.

వంటింట్లో బియ్యం కడుగుతున్న భూలక్ష్మి చెయ్యి ఆగింది. కడుగునీళ్ళు వంచకుండానే గిన్నె కింద పెట్టేసింది. కాసేపటికి "వస్తున్నానమ్మా" అని, చేతులు కొంగుకి తుడుచుకుంటూ వచ్చి, పిల్ల వెనకాల కూర్చుని జడ అల్లింది.

పెరట్లో బట్టలు ఆరేస్తున్న సూర్యావతికి అంతా వినబడింది.

గురువారం నాటి గొడవ ఆ పిలుపు గురించే. సూర్యావతి బహ్రెయిన్ నుంచి ఇంక వెళ్ళక్కర్లేకుండా తిరిగొచ్చి నెల దాటింది. కన్నకూతురు తన ఎదురుగానే ఇంకొకరిని అమ్మా అంటుంటే విని విని, ఆ వేళ ఉండబట్టలేక వదినగారిని నిలదీసింది. "నేను బతికే ఉన్నానండీ వదినగారూ. ఆ మాట పిల్లకి మీరే చెప్పాలి" అంది. భూలక్ష్మి జవాబివ్వలేదు. కంచాలు కడిగి బోర్లించి, చాప పరుచుకుని గోడ వైపు తిరిగి పడుకుంది. శుక్రవారం, శనివారం ఆ ఇంట్లో గిన్నెల చప్పుడు తప్ప మనుషుల మాట లేదు.

ఇప్పుడు ఆ జవాబు పిల్ల నోటి వెంట వచ్చింది.

గెలిచాననుకోవాలి. కానీ సూర్యావతి చేతిలో చీర నీళ్ళు కారుతూనే ఉంది. పోట్లాడి తెచ్చుకున్న వస్తువు తీరా చేతికొచ్చాక ఎక్కడ పెట్టుకోవాలో తోచని దానిలా అక్కడే నిలబడిపోయింది.

తొంభై ఆరు తుఫానులో గోడ కూలి సూర్యావతి భర్త పోయేనాటికి శిరీషకి మూడేళ్ళు. ఎత్తైన కొబ్బరి చెట్లన్నీ నేలన పడుకున్నాయి. ఊళ్ళో ఎవరికీ పని లేదు. సూర్యావతి పిల్లని ఆడపడుచు చేతిలో పెట్టి విమానం ఎక్కింది. భూలక్ష్మి అప్పటికే భర్త పోయి, పిల్లాజెల్లా లేక, సఖినేటిపల్లిలో తమ్ముడి పంచనే ఉంటోంది. ఈ ఎనిమిదేళ్ళ మధ్యలో రెండుసార్లు సూర్యావతి సెలవు మీద వచ్చింది. మొదటిసారి పిల్ల భూలక్ష్మి కొంగు చాటున దాక్కుంది. రెండోసారి దాక్కోలేదు. అప్పటికి మర్యాద నేర్చుకుంది.

ఆ మర్యాదే ఇప్పుడు సూర్యావతి ప్రాణం తోడేస్తోంది.

అన్నం తింటావా అంటే "ఆయ్". స్నానానికి నీళ్ళు పెట్టనా అంటే "ఆయ్, పెట్టండి". ఇంటికొచ్చిన చుట్టాన్ని పలకరించినట్టు ప్రతి మాటకీ ఒక అండీ. అదే భూలక్ష్మితో అయితే పాలల్లో మీగడ తేలిందని పేచీ, రిబ్బను వదులుగా కట్టిందని పేచీ, "పో, నీతో మాట్లాడను" అని గడప మీద మూతి ముడుచుకుని కూర్చోవడం. ఆ పేచీల్లో ఒక్కటైనా తన వాటాకి రాలేదు.

నెల రోజుల్లో శిరీష తనంతట తాను అడిగింది ఒక్కటే. "అక్కడ మీరేం వండేవారండీ?"

సూర్యావతి ఆ ప్రశ్నని కొంగున ముడేసుకుంది. చాలా వండేదాన్నమ్మా, కానీ శుక్రవారం వచ్చిందంటే ఆ ఇంట్లో పిల్లలు కోడి రెక్కలే కావాలనేవారని చెప్పింది. అనాస రసంలో నానబెట్టి, పొయ్యి మీద కాకుండా పెద్ద ఓవెన్‌లో కాల్చేవాళ్ళం, తియ్యగా పుల్లగా ఉంటాయి అంది. ఆ మాట విని పిల్ల కళ్ళు ఒక్కసారి పెద్దవయ్యాయి. "కోడి తియ్యగా ఉంటుందాండీ?" అని నవ్వబోయి, మళ్ళీ ఏదో గుర్తొచ్చినట్టు ఆపేసుకుంది. సగంలో ఆగిపోయిన ఆ నవ్వు కోసమే సూర్యావతి రాజోలు వెళ్ళి అనాసపళ్ళు, నర్సాపురం వెళ్ళి సోయా సాసు తెచ్చి పెట్టుకుంది. ఆదివారం వండుతానని అందరికీ చెప్పింది.

ఇవాళే ఆ ఆదివారం. ఇల్లు చూస్తే ఇలా ఉంది. అయినా సంచీ పట్టుకుని కోడిమాంసం కొట్టుకి బయల్దేరింది.

తాతబ్బాయి కొట్టు దగ్గర జనం మూగి ఉన్నారు. ఉట్టి రెక్కలే కావాలని, తోలు తియ్యకుండా ఈకలు మాత్రం శుభ్రంగా పీకి ఇమ్మని అడిగితే తాతబ్బాయి కత్తి ఆపి చూశాడు. "అందులో ఏముంటాదండీ, అంతా ఎముకే గదండీ" అన్నాడు. తోలు మాట విని వెనకాల ఎవరో నవ్వారు. కువైట్ నుంచి వచ్చినావిడలే అన్నారు ఇంకెవరో. బహ్రెయిన్ అని దిద్దాలనిపించలేదు. ఈ ఊళ్ళో ఎడారి దాటిపోయిన వాళ్ళందరూ కువైట్ నుంచి వచ్చినవాళ్ళే.

ఇంటికొచ్చి రెక్కల్ని కీలు దగ్గర రెండేసి ముక్కలు చేసి, కొసలు తీసేసింది. అల్లం, వెల్లుల్లి నూరింది. అనాసపండు కోరి పల్చటి గుడ్డలో పిండింది. అందులో బెల్లం, సోయా సాసు, నిమ్మరసం, కచ్చాపచ్చాగా దంచిన మిరియాలు, ఎండుమిర్చి కలిపింది. మరీ ఎక్కువసేపు నానకూడదు, అనాస మాంసాన్ని పీచు పీచు చేసేస్తుందని రోసా చెప్పేది. ఆ ఇంట్లో వంట నేర్పింది రోసాయే. ఫిలిప్పీన్స్ మనిషి. మా ఊరికి నాలుగు వైపులా నీళ్ళే, మేము ఏం వండినా తీపీ పులుపూ ఉండాల్సిందే అనేది. మాదీ లంకల సీమేనని, ఎటు చూసినా గోదారేనని సూర్యావతి అంటే నమ్మేది కాదు. మీది ఇండియా కదా, ఇండియాలో నీళ్ళెక్కడివి అని నవ్వేది. ఇద్దరూ అర్థంకాని భాషల్లో ఒకరి ఊరు ఒకరికి చెప్పుకుంటూ ఏళ్ళు గడిపేశారు.

భూలక్ష్మి ఎప్పుడొచ్చిందో వచ్చి పక్కన పీట వేసుకుని కూర్చుంది. మిగిలిన వెల్లుల్లి ఒలిచింది. గిన్నెలోకి చూసి "కోడిలో బెల్లమా" అంది మెల్లగా. అంతే. సూర్యావతి ఏదైనా అనాలనుకుంది. పొద్దున పిల్ల నోట విన్న మాట గురించి. దానికి బదులు, మధ్యాహ్నం రెక్కలు కాల్చడానికి బేకరీకి మీరూ రండి వదినగారూ అంది.

"మీ ఇద్దరూ వెళ్ళండి" అంది భూలక్ష్మి. ఆ మాటలో నిష్ఠూరం ఉంటే బాగుండునని సూర్యావతికి అనిపించింది. లేదు.

బేకరీ బస్సులు ఆగే చోటికి దగ్గర్లోనే ఉంది. యజమాని వీరబాబుది ఇటుకలతో కట్టిన రొట్టెల బట్టీ. తెల్లారగట్ల రొట్టెలు, ఆ తర్వాత బిస్కట్లు కాల్చాక మధ్యాహ్నం దాకా వేడి దాచుకుని ఉంటుంది. కోడి వాసన పడితే రొట్టె కొనేవాళ్ళు ఏమంటారోనని అతను ముందు నసిగాడు. చివరికి, ఇవాళ ఎలాగూ ఇంక కాల్చేది లేదు, రేపటికి పోతుందిలెండి అని ఒప్పుకున్నాడు.

నూనె రాసిన రేకు పళ్ళెంలో రెక్కలు విడివిడిగా పేర్చింది సూర్యావతి. నానిన రసం అంతా వేరే గిన్నెలో వంపి, పక్కనున్న చిన్న పొయ్యి మీద చిక్కబడేదాకా మరగబెట్టింది. బెల్లం ముందే పూస్తే మాడుతుంది. మొదట తోలులోని కొవ్వు కరగాలి, ఆ తర్వాతే పాకం పుయ్యాలి. ఇవన్నీ శిరీషకి చెబుతూ చేసింది. పిల్ల పక్కన నిలబడి "ఆయ్" "ఆయ్" అంటోంది.

పళ్ళెం బయటికి లాగి, పాకం పూసి, మళ్ళీ లోపలికి తోసింది. రెండోసారి లాగేసరికి అనాస, అల్లం, కాలిన బెల్లం కలిసిన వాసన ఒక్కసారి మొహాన కొట్టింది. ఆ వాసనలో సఖినేటిపల్లి లేదు. తెల్లటి గచ్చు, ఏసీ చప్పుడు, శుక్రవారం మధ్యాహ్నం. వెనకాల ఏదో చిన్న చెయ్యి పళ్ళెం అంచు వైపు వచ్చినట్టయింది.

"నూరా, వెనక్కి జరుగు. కాలుద్ది."

మాట బయటికొచ్చేశాక గానీ సూర్యావతికి తెలియలేదు.

శిరీష వెనక్కి జరిగింది. చెయ్యి చున్నీలో చుట్టుకుంది.

"నూరా ఎవరండీ?"

"ఆ ఇంట్లో పిల్ల."

"నా అంతదాండీ?"

"నీకంటే చిన్నది. నేను వెళ్ళిన ఏడే పుట్టింది." సూర్యావతి పళ్ళెం లోపలికి తోసి, తలుపు మూసింది. "వాళ్ళమ్మ ఉద్యోగానికి వెళ్ళేది. నా చేతుల్లోనే పెరిగింది."

పిల్ల బట్టీ తలుపు కేసి చూసింది. వీరబాబు బల్లలు తుడుస్తున్నవాడు, వాళ్ళ వైపు చూడకుండా ముందు గదిలోకి వెళ్ళిపోయాడు.

"దానికి జొరమొస్తే పక్కన ఎవరు కూచునేవారు?"

అబద్ధం చెప్పొచ్చు. సూర్యావతి చెప్పలేకపోయింది. "నేనే" అంది.

"ఇయ్యి ఆ పిల్ల కోసమే నేర్చుకున్నావా?"

నేర్చుకున్నావా అంది పిల్ల, నేర్చుకున్నారా అనలేదు. అలా అన్నట్టు తనకే తెలియదు. నెల రోజులుగా సూర్యావతి ఆ మాట కోసమే చెవులు రిక్కించి తిరిగింది. వస్తే ఇలా వస్తుందనుకోలేదు.

"దానికిష్టమని నేర్చుకున్నాను."

"అది నిన్ను అమ్మా అనేదా?"

బట్టీలో కొవ్వు చిటపటలాడింది.

"వాళ్ళమ్మ ఇంట్లో లేనప్పుడు అనేది" అంది సూర్యావతి. "చిన్నపిల్ల. తెలీక."

"నువ్వు వద్దనలేదా?"

"అనలేదు."

"మరి మా అమ్మకెందుకు చెప్పేవు, అలా పిలిపించుకోవద్దని?"

శిరీష కేకెయ్యలేదు. ఆ మాట అనడానికి ఊపిరి చాలనట్టు ఆగి ఆగి అంది. నిన్న సాయంత్రం పెరట్లో కూర్చోబెట్టుకుని అమ్మే నేర్పిందని చెప్పింది, అత్తా అనమని. రాకపోతే మళ్ళీ అనమంది. ఏడిస్తే కళ్ళు తుడిచి మళ్ళీ అనమంది. "తనూ ఏడ్చింది. నీకు చెప్పొద్దంది" అంటూ మొహం గోడ వైపు తిప్పుకుంది.

సూర్యావతి ఆ భుజం మీద చెయ్యి వెయ్యబోయింది. చేతికి పాకం అంటుకుని ఉంది. ఆ వంకతో ఆగిపోయింది. ఇన్నేళ్ళూ ఆ పరాయి పిల్ల నుదురు నిమిరినప్పుడల్లా, ఇది నా శిరీషకే చేరుతుందిలే అనుకునేది. ఎలా చేరుతుందని తనని తాను ఎప్పుడూ అడగలేదు.

ముందు గదిలోంచి వీరబాబు, అంచులు మాడుతున్న వాసనొస్తోందండీ అన్నాడు. సూర్యావతి కంగారుగా పళ్ళెం లాగింది. కొన్ని బంగారు రంగులో, కొన్ని నల్లగా. మంచివి ఏరి క్యారేజీలో పెట్టింది. వీరబాబుకి నాలుగు కాగితంలో కట్టి ఇచ్చింది. పిల్లకి ఒకటి చల్లార్చి అందించింది.

"ఇంటికెళ్ళి తింటాను" అంది శిరీష. అండీ అనలేదు. తీసుకోనూ లేదు.

కాలవ గట్టు మీద ఇద్దరూ ఒకరి వెనక ఒకరు నడిచారు. సూర్యావతికి ఒక పక్క, పిల్ల తనతో పోట్లాడింది, నిజంగా పోట్లాడింది అని లోపల ఏదో ఎగిరిపడుతోంది. ఇంకో పక్క ఆ పిల్ల వీపు చూస్తుంటే కాళ్ళు సాగడం లేదు. వెళ్ళగానే వదినగారి చేతులు పట్టుకోవాలి అనుకుంది. ఏ పేరుతో పిలిస్తేనేం, ఇద్దరినీ పిలవనీ అని చెప్పాలి అనుకుంది.

ఇంటికి తాళం వేసి ఉంది.

పక్కింటి సత్యనారాయణమ్మ గడప దగ్గరికొచ్చి తాళంచెవి చేతిలో పెట్టింది. "నర్సాపురం వెళ్తున్నానన్నారమ్మా, వాళ్ళ బావగారింటికి. అన్నం వార్చేసి ఉందంట, కూర పొయ్యి మీదుందంట. మీకు చెప్పేసే ఉంటారనుకున్నాను" అంది.

తాళం తీసేసరికి, దండెం మీద భూలక్ష్మి చీరలు రెండూ లేవు. దేవుడి గూట్లో దీపం మాత్రం వెలుగుతోంది. శిరీష గది మధ్యలో నిలబడి చుట్టూ చూసింది. తర్వాత సూర్యావతి మొహంలోకి చూసింది. రేవు వైపు పరుగెత్తింది. క్యారేజీ చేతిలో ఉండగానే సూర్యావతీ వెనకాల పరుగెత్తింది.

గోదారి దాటించే పంటు ఇంకా రేవులోనే ఉంది. మోటారు సైకిళ్ళు ఎక్కిస్తున్నారు. కొబ్బరికాయల బస్తాల పక్కన, కమ్మీకి ఆనుకుని, సంచీ ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది భూలక్ష్మి. వాళ్ళని చూసి లేవలేదు. శిరీష వెళ్ళి ఆవిడ మోకాళ్ళ దగ్గర కూలబడి, సంచీ పట్టీ గట్టిగా పట్టుకుంది.

"ఇదేంటండీ వదినగారూ" అంది సూర్యావతి, ఆయాసం తీర్చుకుంటూ.

"నాలుగు రోజులుండి వస్తాలే."

"ఆ ఇంటి గడప తొక్కి మీకు ఎన్నేళ్ళయిందండీ?"

భూలక్ష్మి నీళ్ళ వైపు చూసింది. భర్త దినవారాలు కాగానే పుట్టింటికి పంపేసిన ఇల్లది. ఆ తర్వాత పెళ్ళికీ పేరంటానికీ ఎవరూ పిలవలేదు.

"నేను ఎదురుగా ఉన్నంతకాలం అది నీ దగ్గరికి రాదు సూర్యావతీ" అంది నెమ్మదిగా. "నెల్రోజులూ చూసేను కదా. ఆకలేస్తే నీ చేతి అన్నమే తింటది. అలాగే అలవాటవుతది."

"అది ఇవాళ నాతో పోట్లాడిందండీ."

భూలక్ష్మి తలెత్తింది. "పోట్లాడిందా? నీతోనా?" ఆవిడ మొహంలో సంతోషం వచ్చింది, నిజంగానే వచ్చింది. వచ్చినంత తొందరగా పోయింది. "అయితే ఇంక నాతో పనేముంది" అంది.

మీ కోసమేనండీ పోట్లాడింది అని చెప్పాలి. చుట్టూ జనం, ఇంజను చప్పుడు. ఏం చెయ్యాలో తోచక సూర్యావతి క్యారేజీ మూత తీసింది. "ఒక్కటి తినండి" అంది.

భూలక్ష్మి ఒక రెక్క తీసుకుంది. కొరికి, చాలాసేపు నమిలింది. "తియ్యగా తగిలి తర్వాత పులుపొస్తోంది" అంది. "కూరలా లేదు గానీ బాగానే ఉంది. పిల్ల తిన్నదా?"

"లేదండీ."

భూలక్ష్మి ఇంకో రెక్క తీసి, ఎముక నుంచి ముక్క ఒలిచి, ఊది చల్లార్చి, ఏళ్ళ తరబడి చేసిన పనే కాబట్టి చూసుకోకుండానే పిల్ల నోటి దగ్గర పెట్టింది. శిరీష నోరు తెరిచింది. కళ్ళు తుడుచుకుంటూ నమిలింది. మళ్ళీ నోరు తెరిచింది.

సూర్యావతి చూస్తూ నిలబడింది. పొద్దుటి నుంచీ ఈ ముద్ద కోసమే కదా ఇంత చేసింది. పిల్ల తింటోంది, ఇష్టంగానే తింటోంది.

ఈల వేశారు. ప్రయాణం లేనివాళ్ళు దిగాలండీ అని ఎవరో గట్టిగా అన్నారు. సూర్యావతి వదినగారి చెయ్యి పట్టుకుని లాగింది, రమ్మని బతిమాలింది. భూలక్ష్మి ఆ చెయ్యి విడిపించుకుని, దాన్నే రెండు చేతులతో పట్టుకుని నొక్కి వదిలేసింది. "దాన్ని తీసుకెళ్ళు. ఎండలో పరిగెత్తుకొచ్చింది, మంచినీళ్ళివ్వు" అంది.

సూర్యావతి ఒడ్డుకి దిగి వెనక్కి తిరిగి చెయ్యి చాచింది. శిరీష లేచి వచ్చింది, పంటు అంచు దాకా వచ్చింది. అక్కడ ఆగింది. తల్లి చెయ్యి వైపు చూసింది. వెనక్కి తిరిగి, సంచీ ఒళ్ళో పెట్టుకుని కమ్మీ వైపు మొహం తిప్పుకున్న మనిషిని చూసింది.

"ఒక్కత్తినీ ఎలా పంపుతాం" అంది. "నేను తోడు వెళ్తాను."

మళ్ళీ ఎప్పుడొస్తావని సూర్యావతి అడగలేదు. అడిగితే ఏం వినాల్సొస్తుందోనని భయమేసింది. గొలుసు వేసేశారు. పంటు బరువుగా కదిలి, గోదారి ఎర్రనీళ్ళలోకి జరిగింది. కొబ్బరి బస్తాల మధ్య రెండు తలలు కాసేపు విడివిడిగా కనిపించాయి. తర్వాత ఒకటిగా కలిసిపోయాయి.

రేవులో జనం పల్చబడ్డారు. సూర్యావతి మాత్రం మెట్ల దగ్గర్నుంచి కదల్లేదు. వెళ్ళాలి, వెనకాలే వెళ్ళాలి, ఇద్దరినీ తీసుకురావాలి. తర్వాతి పంటు ఎప్పుడని అడిగితే, అటు నుంచి రావాలమ్మా, వచ్చాక ఎక్కొచ్చు అన్నాడు అక్కడి మనిషి. ఆవిడ మొహం చూసి కాబోలు, "నర్సాపురంలో ఎక్కడికెళ్ళాలండీ?" అని అడిగాడు.

సూర్యావతి అవతలి ఒడ్డు కేసి చూసింది. బహ్రెయిన్‌లో ఆ ఇంటి వీధి, తలుపు రంగు, మలుపు దగ్గర కొట్టు పేరు, అన్నీ నిద్రలో లేపి అడిగినా చెప్పగలదు. తన పిల్లని పెంచిన మనిషి అత్తవారిల్లు నర్సాపురంలో ఏ వైపుందో, ఆ బావగారి పేరేమిటో, ఇన్నేళ్ళలో ఒక్కసారైనా అడగలేదు.